దక్షిణం వైపు జారుడుబల్ల

రాళ్లబోడు,
20 జూన్ 2022

తమ్ముడు నరసింహకు,

ఇక్కడ అందరం బాగున్నాం. మీరూ బాగున్నారనే అనుకుంటున్నాను. ఫోన్ ఉండగా ఉత్తరమేమిటని నవ్వకు. ఈ ఇంట్లో ఫోను ఒక్కటే, అది మీ బావ జేబులో ఉంటుంది. ఆయనకు స్పీకరు పెడితేగాని మాట వినపడదు. నీతో రెండు మాటలు మాట్లాడాలంటే మా అత్తమ్మ, పక్కింటి అండాలు, దారిన పోయేవాళ్లు అందరూ విని తలా ఒక సలహా ఇస్తారు. ఇప్పుడు చెప్పే సంగతి అట్లా పదిమందిలో మాట్లాడేది కాదు.

బడి తెరిచారు. నువ్వు బిగించిపోయిన జారుడుబల్ల మీద, ఉయ్యాలల మీదే పిల్లల ప్రాణమంతా. బడి ఆవరణలోనే నేను ఆయాగా చేసే అంగన్‌వాడీకి రమ్మంటే ఏడ్చేవాళ్లు కూడా ఇప్పుడు టీచరమ్మ కంటే ముందే వచ్చి గేటు పట్టుకుని నిలబడుతున్నారు. మా తమ్ముడి కంపెనీ సామాను అని నేను గొప్పలు చెప్పుకోని మనిషి ఈ ఊళ్లో లేడు. అంతవరకు సంతోషమే.

కానీ ఉయ్యాలా, జారుడుబల్లా మరీ దగ్గరయ్యాయిరా. జారి కింద పడిన పిల్ల లేచి నిలబడేలోపే ఉయ్యాల మీదికి వచ్చేస్తోంది. నిన్న అండాలు బిడ్డ మనీష జడకు రాసుకుంటూ పోయింది. ఇంకాస్త అయితే తలకే తగిలేది.

మార్చిలో నువ్వు బల్లను దక్షిణానికి, ఖాళీ జాగా ఉన్న వైపే దించావు. మా అత్తమ్మ చూసి, "పసిపోరగాండ్లను యముని దిక్కుకు తోల్తరా? మీ పాడుగాను, గీ బుద్ధి ఎవడిచ్చిండు?" అని రచ్చ చేసింది. తల్లులంతా ఆమెతో గొంతు కలిపారు. పిల్లల్ని ఎక్కనివ్వరేమోనని నేనే నిన్ను బతిమాలి తూర్పుకు తిప్పించాను. తూర్పున ఉయ్యాలల స్తంభాలకు కాంక్రీటు అప్పటికే గట్టిపడింది. "బడి తెరిచేలోపల వచ్చి ఉయ్యాలలు జరుపుత అక్కా" అన్నావు. బడి తెరిచారు. నువ్వు రాలేదు.

ఉయ్యాలలను గొర్ల బొచ్చు తాడుతో స్తంభాలకు కట్టేస్తున్నాను. నేను అటు తిరగ్గానే పెద్ద పిల్లలు విప్పేస్తున్నారు. మీ బావ మందను కాస్తాడు, నేను వీళ్లను కాస్తున్నాను. గొర్రెలే నయం. తొందరగా రా.

శ్రీదేవిని అడిగానని చెప్పు. కడుపుతో ఉన్న పిల్ల, బిందెలు ఎత్తనివ్వకు.

అక్క,
నాగరాణి

•

చౌటుప్పల్,
29 జూన్ 2022

అక్కకు దండాలు.

నీ ఉత్తరం శ్రీదేవి పైకి చదివింది. నీ తిట్టు వచ్చిన చోటల్లా ఆగి నా మొహం చూసింది. వదినా మరదలూ కలిసి నన్ను తిట్టడానికి మీ ఇద్దరికీ భలే కుదిరింది.

రాకపోవడం పొగరు కాదక్కా. బళ్లన్నిటికీ ఒకేసారి ఆర్డర్లు వచ్చాయి. షెడ్డులో వెల్డింగు ఆగడం లేదు. రంగు ఆరకముందే లారీ ఎక్కిస్తున్నాం. మా ఓనరు రఘుపతి సారును సెలవు అడిగితే, "పిల్లలు ఎదురుచూస్తుండ్రు నర్సింహా" అంటాడు. పిల్లల పేరు చెప్పి నోరు మూయించడం ఆయనకు బాగా తెలుసు.

బడివాళ్ల చేత కంపెనీకి ఫిర్యాదు రాయిద్దామని నీకు అనిపించవచ్చు. అది మాత్రం వద్దు. ఫిర్యాదు వస్తే సారు ముందు డ్రాయింగు తీస్తాడు. ఉయ్యాల ముందూ వెనకా ఎంత ఖాళీ ఉండాలో అందులో గీసి ఉంటుంది. మనం అందులో సగం కూడా ఉంచలేదు. ఆఫీసును అడగకుండా బల్లను తిప్పింది ఎవరని అడుగుతాడు. అడిగితే నా పని అయిపోయినట్టే. మేముంటున్న గది కూడా కంపెనీ గోడ లోపలిదే. ఈ నెలల్లో శ్రీదేవిని తీసుకుని నేను ఎక్కడికి పోను?

బోనాల పండుగ అయ్యాక ఎట్లాగైనా వస్తాను. అందాక ఉయ్యాల పీటలు తీసిపెట్టు. వాటి బోల్టులు మామూలువి కావు. దొంగలు విప్పుకుపోకుండా తల గుండ్రంగా చేస్తాం, బజారులో దొరికే ఏ పానాకూ పట్టవు. మా కంపెనీ పానా ఒకటి శ్రీదేవి పాత జాకెట్టు గుడ్డలో చుట్టి కొల్లాపూర్ బస్సు కండక్టరు చేతికిస్తున్నాను. అది షెడ్డు దాటి బయటికి పోకూడదు. ఎవరికీ చూపించకు.

బావకు, మీ అత్తమ్మ జానమ్మత్తకు దండాలు.

నీ తమ్ముడు,
నరసింహ

•

రాళ్లబోడు,
9 జూలై 2022

నరసింహా,

పానా చేరింది. మీ బావ స్తంభం పట్టుకుంటే నేనే పీటలు విప్పాను. ఇప్పుడవి మా మంచం కింద ఉన్నాయి. ఇంత బరువు ఇనుము ఎందుకు పెడతారురా పిల్లల ఉయ్యాలకు? ఎత్తితే నా చెయ్యి గుంజింది.

పీటలు పోయాయని పిల్లలు ఇంటికిపోయి ఏడ్చారు. పొద్దుగూకేలోపు ఊరంతా తెలిసింది. సర్పంచి మా వాకిట్లోకి వచ్చి, "ఏం నాగరాణీ, అక్కాతమ్ముడు కలిసి సామాను అమ్ముకుంటుండ్రా? పెట్టినోడే ఇప్పిస్తుండా?" అన్నాడు. అంత మాట పడి కూడా నేను నోరు విప్పలేదు. ఎందుకు తీశానో చెప్తే నీ ఉద్యోగం పోతుంది. చెప్పకపోతే నేను దొంగను. మా అత్తమ్మ ఏమో, "తూర్పుకు తిప్పినంక ఇంకేం భయం?" అంటోంది. ఆమెకు దిక్కు ఒక్కటే కనపడుతుంది, ఉయ్యాల కనపడదు.

ఇప్పుడింకోటి వచ్చిపడింది. పదిహేనో తారీఖున అధికారులు బడి చూడడానికి వస్తున్నారట. ఫొటోలు తీస్తారట. హెడ్మాస్టరు మంచాయన, గట్టిగా కూడా అనలేదు. "ఒక్క పూట పెట్టి తీసెయ్యి తల్లీ, బడి పరువు కదా" అన్నాడు. నాకు పెట్టబుద్ధి కావడం లేదు. నువ్వేమంటావు? ఉత్తరం అందిన వెంటనే జవాబు రాయి. నీ మాట వచ్చేదాకా పీటలు మంచం కిందనుంచి కదలవు.

అక్క

•

చౌటుప్పల్,
12 జూలై 2022

అక్కా,

ఈ ఉత్తరం మన కండక్టరు చేతికే ఇస్తున్నాను, రేపటికల్లా అందుతుంది.

పెట్టు. అధికారులు వచ్చి పీటల్లేని ఉయ్యాలలు చూస్తే కంపెనీకి రాస్తారు, అక్కడితో నా కథ ముగుస్తుంది. ఒక్క పూటకు ఏమీ కాదు. వాళ్లు కారెక్కగానే విప్పెయ్యి. నువ్వు ఊరికే భయపడతావు. చిన్నప్పుడు నేను వేపచెట్టు ఎక్కితే కింద కొంగు పట్టుకుని నిలబడేదానివి, గుర్తుందా? నేను ఎన్నడైనా పడ్డానా?

సర్పంచి మాటలకు ఫికర్ పడకు. వచ్చే ఆదివారం కాకపోతే ఆపై ఆదివారం వచ్చి ఉయ్యాలలు జరిపిపోతాను. వచ్చేటప్పుడు జానమ్మత్త ఆకువక్కకు సున్నపుకాయ తెస్తాను. శ్రీదేవి ఈమధ్య చింతకాయ తొక్కు తప్ప ఇంకేదీ ముట్టడం లేదు, నువ్వు పెట్టింది ఉంటే కొంచెం పంపించు.

నరసింహ

•

రాళ్లబోడు,
19 జూలై 2022

నరసింహా,

నీ మాట ప్రకారమే పెట్టాను.

అధికారులు వచ్చారు. గదులు చూశారు, అన్నం రుచి చూశారు. పోయే ముందు ఫొటో అన్నారు. "అందరూ ఎక్కి ఆడుకోండి, ఇటు చూసి నవ్వండి" అన్నారు. నేను ఉయ్యాలల దగ్గరే ఉన్నాను. ఫొటోలో అడ్డం వస్తున్నానని నన్ను పక్కకు జరగమన్నారు. జరిగాను. మనీష ఫొటో వైపు చూసి నవ్వుకుంటూ జారింది. ఉయ్యాల వైపు చూడలేదు.

ఇనుప పీట ఎడమ చెవి మీద తగిలింది. ఆ చప్పుడు నా చెవుల్లోంచి పోవడం లేదు. ఎత్తుకుంటే నా చీర కొంగంతా రక్తం. అధికారుల కారులోనే దవాఖానకు తీసుకుపోయాం. అక్కడ మా వల్ల కాదన్నారు, పట్నం తీసుకుపోయాం. ప్రాణానికి భయం లేదట. ఎడమ చెవి మాత్రం ఇక వినపడదేమో అంటున్నారు. ఏడేళ్ల పిల్ల.

అండాలు నన్ను ఒక్క మాట అనలేదు. ఉయ్యాలలు తెప్పించింది నేనని ఆమెకు తెలుసు. బల్ల తిప్పించింది నేనని తెలుసు. పీటలు తీసి మళ్లీ పెట్టింది నేనని కూడా తెలుసు. అయినా దవాఖానలో నేనిచ్చిన నీళ్లే తాగింది. తిట్టినా బాగుండేది.

పోలీసులు వచ్చి స్తంభాల చుట్టూ పసుపు రిబ్బను కట్టారు. కేసు తేలేదాకా ఒక్క బోల్టు కూడా ముట్టుకోవద్దన్నారు. పీటలు విప్పుతానంటే, "సాక్ష్యం చెడగొడ్తవా?" అన్నారు. మీ బావ గేటుకు గొలుసు వేశాడు. పిల్లలు గోడ దూకి, రిబ్బను కిందనుంచి దూరి మళ్లీ ఎక్కుతున్నారు. రిబ్బను వాళ్లకు కొత్త ఆట అయింది.

ఫోన్ చెయ్యకు. మాటలు రికార్డవుతాయని మీ బావ కలిసిన వకీలు చెప్పాడట. ఆదివారం వస్తానన్నావు, అది కూడా వద్దు. నిన్ను చూస్తే ఊరివాళ్లు ఊరుకోరు.

నాగరాణి

•

చౌటుప్పల్,
28 జూలై 2022

అక్కా,

నీ ఉత్తరం జేబులో పెట్టుకుని తిరుగుతున్నాను. ఒక్క పూటకు ఏమీ కాదని రాసిన చేతిని చూసుకుంటే అసహ్యమేస్తోంది. మనీషకు ఎట్లా ఉందో రాయి. అండాలక్కకు ఏం చెప్పాలో నాకు తెలియడం లేదు.

మొన్న సారు పిలిచి కుర్చీ వేశాడు. ఇన్నేళ్లలో ఆయన ముందు నేను కుర్చీలో కూర్చోవడం అదే మొదటిసారి. ఊరివాళ్లే పానా పెట్టి సామాను విప్పారని, మళ్లీ తప్పుగా బిగించారని ఒక కాగితం టైపు చేయించాడు. ఫిట్టరుగా నేను సంతకం పెట్టాలట. "ఎవ్వరి పేరు లేదు గదా, ఊరోళ్లని రాసినం అంతే" అన్నాడు. విప్పింది నువ్వేనని ఊరంతా చెప్తుందిగా. సంతకం పెడితే నువ్వు స్టేషన్‌కు పోతావు, పెట్టకపోతే నేను రోడ్డు మీద పడతాను. ఆలోచించుకుంటానని చెప్పి వచ్చాను. పానా జాగ్రత్త. ఎవరడిగినా లేదనే చెప్పు.

ఇంకో సంగతి. నిన్నటిదాకా శ్రీదేవికి కూడా చెప్పలేదు. బల్లను తిప్పమని నువ్వు ఒక్కదానివే అడిగావనుకోకు. మన వైపు ఏ ఊళ్లో బల్లను దక్షిణానికి దింపినా ఎవరో ఒక ముసలమ్మ వచ్చి అదే మాట అంటుంది. ప్రతిసారీ ఆఫీసుకు ఫోన్ చేస్తే పని ఆగుతుందని, నేనే తిప్పేసి వచ్చేవాడిని. తిప్పిన చోటల్లా ఉయ్యాల ఎంత దూరంలో ఉందో ఇప్పుడు ఒక్కొక్కటే కళ్ల ముందుకు వస్తోంది. ఆ ఊళ్లలో పిల్లలు ఈ మధ్యాహ్నం కూడా ఆడుకుంటూ ఉంటారు.

నరసింహ

•

రాళ్లబోడు,
8 ఆగస్టు 2022

నరసింహకు,

పానా లేదని చెప్పమన్నావు. చెప్పాను. ఆ పూటే సర్పంచి ఫోనులో ఒక కాగితం చూపించాడు. కంపెనీవాళ్లు పంపారట. చిన్న అక్షరాలు, అంతా ఇంగ్లీషు, నాకు చదవరాలేదు. కింద నీ సంతకం మాత్రం చదవనక్కర లేదు. న అక్షరం తలకట్టు పొడుగ్గా గీస్తావు కదా, నేను పలక మీద దిద్దించిన న అది.

"సూసినవా, నీ తమ్ముడు కంపెనీ దిక్కే ఉన్నడు" అన్నాడు సర్పంచి.

ఆలోచించుకుంటానని రాశావు. ఆలోచించుకున్నావన్నమాట. నీ ఇబ్బంది నాకు తెలుసు. కడుపుతో ఉన్న భార్య, నెత్తిమీద కప్పు. కానీ నన్ను అడిగి ఉంటే నేనే పెట్టమనేదాన్నేమో. అడగకుండా పెట్టావు, అది నాకు కాలింది.

పై ఆఫీసు నుంచి విచారణ అంటున్నారు. అంగన్‌వాడీ తాళాలు తీసుకున్నారు. మనీష ఇంటికి వచ్చింది. ఎడమ పక్కనుంచి పిలిస్తే తిరగదు. మా అత్తమ్మ ఆ పిల్లను చూసిన రోజునుంచి సరిగ్గా తినడం లేదు, ఎవరితోనూ మాట్లాడడం లేదు.

రాఖీ పున్నమికి ఏటా బస్సెక్కి వచ్చి కట్టేదాన్ని. కరోనా అప్పుడు కూడా కవరులో పెట్టి పంపాను. ఈసారి పంపడం లేదు.

నాగరాణి

•

చౌటుప్పల్,
17 ఆగస్టు 2022

అక్కా,

చదవకుండా చింపెయ్యకు. దండం పెడతాను, చివరిదాకా చదువు.

సర్పంచి చూపించింది పాత కాగితం. సామానంతా దింపి బిగించామని మార్చిలో పెట్టిన సంతకం అది. దాన్నే కంపెనీవాళ్లు అటు పంపారు, నిన్ను భయపెట్టడానికో, నన్ను భయపెట్టడానికో. టైపు చేయించిన కాగితం మీద నేను సంతకం పెట్టలేదు. రాఖీ రాలేదని తెలిసిన పొద్దు, తెల్ల కాగితం తీసుకుని నా చేత్తోనే రాశాను. బల్ల తిప్పింది నేను, పానా పంపింది నేను, పీటలు పెట్టమన్నది నేను అని. స్టేషన్‌లో ఇచ్చాను.

సారు అరవలేదు. మంచినీళ్లు ఇచ్చి, "పెండ్లాం ముఖం చూసన్న జర ఆలోచించకపోతివి" అన్నాడు. మర్నాడే గది ఖాళీ చేయించాడు. పానా దొంగతనం చేశానని కేసు పెట్టాడు. ప్రతి సోమవారం స్టేషన్‌కు పోయి కనపడాలి, చెప్పకుండా ఊరు దాటకూడదు. నేను నరేష్ అనే తోటి ఫిట్టరు గదిలో ఉంటున్నాను. శ్రీదేవి పోచంపల్లిలో తల్లిగారింటికి పోయింది. శుక్రవారం ఆడపిల్ల పుట్టింది. బస్సెక్కితే ఎంతో దూరం కాదు. అయినా నా బిడ్డను ఫోనులోనే చూశాను.

ఇప్పుడు అసలు మాట విను. కేసు తేలేది ఎప్పుడో. అందాకా ఆ బల్ల అట్లాగే ఉంటే ఇంకో మనీష తప్పదు. ఉయ్యాలల కాంక్రీటు లోతుది, మీ వల్ల కాదు. బల్ల కాళ్లు పైపైనే వేశాను. బావను, ఇంకో నలుగురు గొల్లలను గడ్డపారలు తెమ్మను. కాళ్ల చుట్టూ తవ్వి, బల్లను పడుకోబెట్టకుండా నిలువునే ఉంచి, మొదటి జాగాకు, దక్షిణానికి జరపండి. పాత గుంతలు ఇంకా మెత్తగానే ఉంటాయి. కొత్త కాంక్రీటు పోసి గోనెసంచులు కప్పి నీళ్లు పట్టండి. అది గట్టిపడేదాకా ఒక్క పిల్లను కూడా ఎక్కనివ్వకు, ఇంకో ఉత్తరంలో నేనే ఎక్కించమని రాసినా వినకు. వాళ్లు రిబ్బను విప్పొద్దన్నారు కదా, విప్పకుండానే తవ్వండి.

మిగతా ఊళ్ల బళ్లకు కార్డులు రాస్తున్నాను. ఒక్కచోటి నుంచి కూడా జవాబు రాలేదు.

నరసింహ

•

రాళ్లబోడు,
11 సెప్టెంబరు 2022

తమ్ముడూ,

నీ ఉత్తరం చదివి మంచం కోడు పట్టుకుని ఏడ్చాను. నీ సంతకం చూడగానే నమ్మినదాన్ని, నిన్ను ఒక్క మాట అడగలేకపోయాను. ఇక ఆ ముచ్చట ఇక్కడితో వదిలేద్దాం. మేనకోడలు ఎవరి పోలిక? నీ ముక్కు రాకపోతే చాలు.

బల్ల తిప్పాం. సర్పంచి వద్దన్నాడు. మీ బావ ఎన్నడూ ఎవరికీ ఎదురు చెప్పని మనిషి, "మా పోరగాండ్లు సచ్చినంకనా ముట్టుకునేది?" అని గడ్డపార దించాడు. కాంక్రీటు ఆరేదాకా మంద చుట్టూ వేసే ముళ్లకంపను బల్ల చుట్టూ వేశాడు. రిబ్బను కిందనుంచి దూరినవాళ్లు కంప దగ్గర ఆగిపోయారు. ఉయ్యాల పీటలు మాత్రం నేనే విప్పి స్టేషన్‌కు మోసుకుపోయాను, నీ పానాతో సహా. సాక్ష్యం కావాలన్నారుగా, వాళ్ల టేబులు మీద పెట్టి వచ్చాను. నా మీద కూడా ఒక కేసు రాసుకున్నారు. అంగన్‌వాడీ తాళాలు ఇంకా రాలేదు. నేను గేటు బయట నిలబడి పిల్లలను చూస్తున్నాను.

కంప తీసేశాక వచ్చింది అసలు తంటా. దక్షిణానికి తిప్పారని ఒక్క తల్లి కూడా పిల్లను ఎక్కనివ్వలేదు. అంత జరిగినాక కూడా! నాకు ఒళ్లు మండి నోటికి వచ్చినట్టు తిట్టాను. ఎవరూ కదల్లేదు.

మా అత్తమ్మ ఎవరితోనూ మాట్లాడడం లేదని రాశాను కదా. ఆ రోజు భుజాన గొంగడి వేసుకుని గేటు దాటి లోపలికి పోయింది. జారుడుబల్ల కొసన, దక్షిణం దిక్కున, గొంగడి పరుచుకుని కూర్చుంది. "యముడు గిటే వస్తడు గదా. రానీ. ముందు నన్ను దాటాలె" అంది. "నేనే తిప్పిచ్చిన. నేనే కూసుంట."

అందరూ చూస్తుండగా మనీష అండాలు చెయ్యి విడిపించుకుని మెట్లెక్కింది. పైన కూర్చుని కిందికి చూస్తూ ఉండిపోయింది. "దా బిడ్డా" అని అత్తమ్మ పిలిచింది. గాలికో, చెవికో, పిల్లకు వినపడలేదు. అత్తమ్మ మళ్లీ పిలవలేదు. రెండు చేతులూ చాపింది. అది చూసి పిల్ల జారింది. అత్తమ్మ దాన్ని పట్టుకుని గొంగట్లో చుట్టేసి, ఇంతసేపు ఎక్కడ దాచుకుందో, బడంతా వినపడేట్టు ఏడ్చింది. అండాలు కూడా ఏడ్చింది. ఆ తర్వాత నన్ను చూసి, "నీ మీద కోపం పోలేదు నాగరాణీ" అంది. నాకు ప్రాణం లేచి వచ్చింది.

అప్పటినుంచి అత్తమ్మ రోజూ బడి గంటకు ముందే పోయి అక్కడ కూర్చుంటోంది. వానొస్తే గొంగడి కప్పుకుంటోంది. నువ్వు కార్డులు రాసిన ఊళ్ల సంగతి చెప్పాను. "కార్డులు ఎవలు సదువుతరు? నన్ను తీస్కపోండ్రి, ఆడి ముసలోళ్లతోని నేను మాట్లాడుత" అంది. నీ జవాబు రాగానే మీ బావ, ఆమె బస్సెక్కుతారు. ముందు ఏ ఊరో నువ్వే రాయి. ఏ ఊళ్లో ఉయ్యాల మరీ దగ్గరుందో అక్కడినుంచి మొదలుపెడతారు. జవాబు కండక్టరు చేతికే ఇవ్వు, పోస్టులో వెయ్యకు.

రాఖీ ఇందులో పెట్టాను. పున్నమి పోయి నెలవుతోంది, ఊరు దాటి నువ్వు రాలేవు, కేసు పెట్టుకుని నేనూ రాలేను. నరేష్‌ను ముడి వెయ్యమను. గట్టిగా వెయ్యమని చెప్పు.

నీ అక్క,
నాగరాణి